ఐదు నిమిషాల ముప్పై ఆరు సెకన్ల పాట

మనిషన్నాక లెక్క తప్పుతాడు. నేనూ తప్పాను, కాదనను. కాకపోతే నా తప్పు విలువ సరిగ్గా పద్దెనిమిది నిమిషాల నలభై సెకన్లు. ఇంతేనా అని తేలిగ్గా తీసెయ్యకండి. ఆ పద్దెనిమిది నిమిషాల నలభై సెకన్లలో ఒక పెద్దాయన పన్ను, రేడియో వాళ్ళ టేపు, పాడేరు బస్సు టైము, నా పరువు, ఈ నాలుగూ గంగలో కలిశాయి. అరకులో గంగ లేదు కదా అంటారా? ఆ రోజు నా కళ్ళల్లో ఉంది.

తొంభైల చివరి సంగతి. అప్పటికి నాకు ఇరవై ఎనిమిదేళ్ళు. అరకు లోయలో ఒక కాఫీ తోటలో మొక్కలు లెక్కపెట్టే గుమాస్తాని. పదో తరగతి తప్పిన నాకు లెక్కలు ఎవరూ నేర్పలేదు, నేనే నేర్చుకున్నాను. వరస పొడవు అడుగులతో కొలిచి, మొక్కకూ మొక్కకూ మధ్య ఎడంతో భాగించి, వరసలతో హెచ్చవేసి, కొండ దిగకుండానే తోటలో ఎన్ని మొక్కలున్నాయో చెప్పేసేవాణ్ణి. తరవాత మనుషుల్ని పెట్టి లెక్కపెట్టిస్తే పదో పన్నెండో తేడా వచ్చేది. ఆ తేడా కూడా వాళ్ళ తప్పే అని నా నమ్మకం. అందరూ నన్ను లెక్కల సత్యం అనేవారు. ఆ పిలుపు వింటే నా ఛాతీ అంగుళమున్నర పెరిగేది. కొలిచి చూసుకున్నాను కూడా.

కందకు లేని దురద కత్తిపీటకెందుకంటారు. మొక్కలు లెక్కపెట్టుకునేవాడికి పాటతో ఏం పని? చెప్తాను.

ఆ ఏడు చైత్రంలో ఇటుకల పండగకి, అదే కొండ ఊళ్ళు విత్తనాలకి ముందు చేసుకునే పండగకి, విశాఖపట్నం నుంచి రేడియో వాళ్ళు వస్తారని కబురొచ్చింది. కొండ పాటలు టేపు మీద పట్టుకెళ్ళి, వారానికొకటి వేస్తారట. ఆ కబురు విని నలుగురు పెద్దలు కలిశారు. నలుగురూ ఉద్దండులు. నలుగురూ ఎవరి జట్టుకి వాళ్ళు పెద్దలుగా ముప్పై ఏళ్ళు ఏలినవాళ్ళు. ఒక ఒరలో రెండు కత్తులు ఇమడవంటారు కదా, మా ఒరలో నాలుగు దూరాయి. అందులో ఒకటి జాజ్ డ్రమ్ములు.

ఆ డ్రమ్ములు గురునాథం గారివి. విజయనగరం వైపు ఆర్కెస్ట్రా పార్టీలో జీవితమంతా వాయించి, ఆయాసం తగ్గుతుందని కూతురి దగ్గరికి కొండెక్కిన మనిషి. ఆయాసం తగ్గలేదు గానీ డ్రమ్ములు కూడా ఎక్కాయి. గిటారు బెంజిమన్ మాస్టారిది. చర్చి బ్యాండు పెట్టి రెండు తరాల పిల్లలకి వాయిద్యాలు నేర్పిన పెద్దమనిషి. పాట మాత్రం బుద్రమ్మ పెద్దమ్మది. థింసా ఆటలో ఆడవాళ్ళు ఒకరి వీపు వెనకనుంచి ఒకరు చేతులు పెనవేసుకుని గుండ్రంగా తిరుగుతారు. ఆ వరసకి తల ఆవిడ. ఆవిడ పాట అందుకుంటే వెనకున్నవాళ్ళు అదే మాట తిప్పి అంటారు.

ఇక నాలుగో మనిషి సోమ్రా తాత. ఆయన చేతిలో మోరి. చూడ్డానికి సన్నాయి చెల్లెల్లా ఉంటుంది గానీ గొంతు మాత్రం అక్కది. ఆ కొండల్లో పెళ్ళికీ పండక్కీ ఆయన ఊదకపోతే జనం మొహాలు చిన్నబోయేవి. నేను ఈ పనిలో దూరింది ఈ తాత వల్లే.

తాతకి పైన ముందుపళ్ళు రెండే మిగిలాయి. అందులో ఒకటి కదులుతోంది. మోరి ఊదేటప్పుడు పెదవికి ఆసరా ఆ పళ్ళే. ఆస్పత్రిలో పీకేస్తామంటే పారిపోయి వచ్చి, దవడలో లవంగం పెట్టుకుని తిరుగుతున్నాడు.

"పీకించేసుకోవచ్చుగా తాతా, ఎందుకీ బాధ?" అన్నాను ఒకరోజు.

"ఈ పల్లు పోతే మోరి పోద్ది. మోరి పోతే నానొకడ్ని ఊదినానని ఎవులికి తెలుస్తాది? ఆ పెట్టెలో ఒకపాలి పడిపోతే సాలు. తరవాత పల్లేటి, దవడ పీకించుకుంటాను" అన్నాడు.

ఇదీ అసలు సంగతి. ఆ పన్ను ఊడేలోపల ఆ పాట టేపులో పడాలి. ఈ మాట గుర్తుంచుకోండి, ఎందుకంటే ఆ రోజు నేను మరిచిపోలేక చచ్చాను.

మా కాఫీ కళ్ళం ఆ రోజుల్లో ఖాళీగా ఉండేది కాబట్టి అక్కడే సాధన. పాట బుద్రమ్మ పెద్దమ్మదే, సంతకి రాని పిల్లవాడి మీద అలక: 'ఈ సంతకి రాలేదు, వచ్చే సంతకైనా వత్తావా' అని. దానికి తాత మోరి, మాస్టారి కరెంటు గిటారు, గురునాథం గారి డ్రమ్ములు. మొదటిసారి నాలుగూ కలిసి మోగినప్పుడు నా వీపు మీద వెంట్రుకలు లేచాయి. ఎన్ని లేచాయో మాత్రం లెక్కపెట్టలేకపోయాను.

మొదలు బ్రహ్మాండం. చివరే చిక్కు. గురునాథం గారు కర్ర పైకెత్తి తాళాల మీద ఢాం అని కొడితే పాట అయిపోవాలి, ఆర్కెస్ట్రా పద్ధతి అది. మాస్టారేమో వేగం తగ్గించి ప్రార్థన ముగిసినట్టు మెల్లగా ముగించాలంటారు. పెద్దమ్మకి కాళ్ళు తృప్తి పడితేనే పాట ముగిసినట్టు. తాతకైతే వరస తల ఆగేదాకా మోరి దించడం అపచారం. దాంతో ప్రతిసారీ పాట నాలుగుసార్లు చచ్చేది. ఒకరు చంపితే ఇంకొకరు బతికించేవారు.

"ఏటండీ మాస్టారూ, నాను ఢాం అన్నాక కూడా టింగుటింగంటారేటి? శవం లేచి కూకున్నట్టు లేదా?" అనేవారు గురునాథం గారు.

"మీరు మధ్యలో ఢాం అంటే పాట పోయిందనుకోలేదండీ, పిడుగు పడిందనుకున్నాను" అనేవారు మాస్టారు.

"మీ ఇద్దరూ ఆగిపోండి, మేం ఆడుకుంటాం" అనేది పెద్దమ్మ.

 తాత మాత్రం లవంగం ఆ దవడ నుంచి ఈ దవడకి మార్చుకునేవాడు.

ఇదిగో, ఇక్కడే నాలో లెక్కల పురుగు కుట్టింది. చేతి గడియారం పెట్టుకుని చూశాను. పన్నెండుమంది ఆడవాళ్ళు ఒక చుట్టు తిరగడానికి ఇరవై ఎనిమిది సెకన్లు. ఇంకోసారి చూశాను, ఇరవై ఎనిమిది. ఎనిమిదిసార్లు చూశాను, ఎనిమిదిసార్లూ అంతే. నిలబడి ప్రకటించాను.

"పెద్దలు మన్నించాలి. పాటకి ఎవరూ పెద్ద కాదు. చుట్టే పెద్ద. పెద్దమ్మ డ్రమ్ముల ముందుకొస్తే ఒక చుట్టు. నా కుడి జేబులో పన్నెండు కాఫీ గింజలుంటాయి. చుట్టుకో గింజ ఎడమ జేబులోకి పోతుంది. పన్నెండోది పోగానే ఎర్ర తువ్వాలు ఎత్తుతాను. అందరూ ఒక్కసారే ఆపాలి. ఇరవై ఎనిమిది పన్నెండ్లు మూడువందల ముప్పై ఆరు. ఐదు నిమిషాల ముప్పై ఆరు సెకన్లు. రేడియోలో ఆరు నిమిషాలు ఇస్తారట. ఇరవై నాలుగు సెకన్లు మిగులు."

ఆలు లేదు చూలు లేదు, పాట ముగిసే సెకను మాత్రం సిద్ధం.

నలుగురూ ఒకరినొకరు చూసుకున్నారు. తాను గెలవకపోయినా అవతలివాడు ఓడిపోతున్నాడన్న సంతోషం నలుగురి మొహాల్లోనూ కనిపించింది. మోరి మీద చేతులేసి ఒట్టు పెట్టుకున్నారు: పన్నెండు చుట్లు కాందే ఎవరూ ఆపకూడదు, పన్నెండయ్యాక ఎవరూ వాయించకూడదు. నా చేత కూడా ఒట్టు వేయించారు.

"తాతా, నీ పన్ను ఐదు నిమిషాల ముప్పై ఆరు సెకన్లు ఆగుతుందా?" అన్నాను.

"అంతేనా? నువ్వు సెప్పీసినావు కాబట్టి దానికీ సెప్తాను" అన్నాడు తాత, దవడ తడుముకుంటూ.

పెద్దమ్మ మాత్రం వెళ్తూ వెళ్తూ ఒక మాట వేసింది. "బావూ, పండగనాడు ఎంతమందొత్తారో ఎవులికి తెలుసు."

దానికి నేనిచ్చిన జవాబు రాయడానికి చెయ్యి రావడం లేదు. అయినా రాస్తాను, నిజం దాచకూడదు. "ఎంతమందొస్తే ఏం పెద్దమ్మా, చుట్టు చుట్టే కదా" అన్నాను.

పండగరోజు పొద్దున్నే రేడియో ఆఫీసరు జీపులో దిగారు. పెద్ద టేపు పెట్టె, చెవులకి డిప్పలు, మొహం నిండా చిరాకు. నాలుగు ఊళ్ళు తిరిగి వచ్చారట.

"సత్యం గారంటే మీరేనా? చూడండి, తెచ్చిన టేపులన్నీ అయిపోయాయి. ఆఖరిది ఇదే, ఇందులో తొమ్మిది నిమిషాలు మిగిలింది. మొదలూ చివరా రెండూ ఉన్న పాట కావాలి నాకు. చివర లేని పాట రేడియోలో వెయ్యం. మీ పాట ఎంతసేపు?"

"ఐదు నిమిషాల ముప్పై ఆరు సెకన్లండి."

ఆయన కళ్ళజోడు దించి నన్ను చూశారు. "ఇన్ని ఊళ్ళు తిరిగానయ్యా, ఇంత ఖచ్చితంగా చెప్పినవాడు ఎక్కడా తగల్లేదు" అన్నారు. నా ఛాతీ ఒకటిన్నర నుంచి రెండంగుళాలకి వెళ్ళింది. తగ్గడానికి ఎంతసేపు పట్టిందో ఇప్పుడు చెప్తాను.

ఊరి బడి ముందే ఆట. బడి వెనకాల జనరేటరు మోగింది. టేపు తిరిగింది. తాత మోరి ఎత్తాడు, గిటారు అందుకుంది, డ్రమ్ములు పడ్డాయి, పెద్దమ్మ వరస కదిలింది. పన్నెండుమంది, గట్టు మీద నీళ్ళు జారినట్టు. మొదటి చుట్టు పూర్తయింది. గడియారం చూశాను, ఇరవై ఎనిమిది. గింజ మారింది. ఆఫీసరు వైపు చూసి తల ఊపాను, అంతా నేనే వాయిస్తున్నట్టు.

రెండో చుట్టు ముప్పై ఐదు సెకన్లు.

గడియారానికి కీ తక్కువైందేమో అనుకున్నాను. చెవి దగ్గర పెట్టుకుని విన్నాను. టిక్కు టిక్కుమంటోంది.

మూడో చుట్టు నలభై తొమ్మిది సెకన్లు. గురునాథం గారు వేగం తగ్గించారేమో అని ఆయన పక్కకి పోయి, "బేగి, బేగి" అన్నాను. ఆయన కర్ర ఆపకుండానే, "నా సెయ్యి నలభై ఏళ్ళ నుంచి ఒకేలా తిరుగుతన్నాది. ఆ గడియారం ఎన్నేళ్ళదబ్బాయ్?" అన్నారు.

చూశారా, గడియారాన్ని అనుమానించాను, డ్రమ్ముల్ని అనుమానించాను. నన్ను అనుమానించుకోవాలని మాత్రం తోచలేదు. నాలుగో చుట్టు డెబ్బై సెకన్లయ్యేసరికి తల ఎత్తి, అంతవరకూ చూడాల్సిందీ చూడనిదీ ఒక్కటే, దాన్ని చూశాను. వరసని.

వరసలో ముప్పైమంది ఉన్నారు.

పండగనాడు ఆటలోకి వచ్చేవాళ్ళని రావద్దనడం మా దగ్గర లేదు. ఎవరొచ్చినా తోకదగ్గర చెయ్యి తీసి కలుపుకుంటారు. పక్క ఊళ్ళ ఆడవాళ్ళు వస్తున్నారు, చంకలో పిల్లల్ని దించి మరీ కలుస్తున్నారు. వరస పెరిగితే గుండ్రం పెరుగుతుంది. గుండ్రం పెరిగితే పెద్దమ్మ మళ్ళీ డ్రమ్ముల ముందుకి రావడానికి ఎక్కువసేపు పడుతుంది. ఐదో తరగతి పిల్లకి తెలిసే సంగతి. కాఫీ మొక్కల్ని లెక్కపెట్టి లెక్కపెట్టి నా బుర్ర పాడైంది. ఏ కాఫీ మొక్కా నేను కొలుస్తుండగా పక్క తోటలో చుట్టాలని పిలిచి వరసలో నిలబెట్టుకోలేదు.

గబగబా లెక్కేశాను. మనిషికి రెండు సెకన్లూ ఒక మూడోవంతు అని మొదలుపెట్టి, కంగారులో మనుషుల్ని సెకన్లతో కూడి, గింజల్ని తీసేసి, చివరికి చూస్తే తాత పన్ను హారంలో ఉంది.

అప్పుడే రోడ్డు మీద పాడేరు బస్సు ఆగింది. పండగ కదా, ఆడవాళ్ళు దారికి వెదురుబొంగు అడ్డం పెట్టి పండగ డబ్బుల కోసం ఆపారు. బస్సు దిగిన జనం ఊరికే నిలబడతారా? ఐదో చుట్టులో నలభై రెండుమంది. అందులో బస్సు కండక్టరు, భుజాన సంచీతో సహా.

ఆఫీసరు ఒక డిప్ప చెవి మీంచి పక్కకి జరిపి, "సత్యం గారూ, ఎన్నయ్యాయి?" అన్నారు.

"ఐదండి."

"ఎన్నింటికి?"

"పన్నెండింటికండి."

"నాలుగు నిమిషాల నలభై సెకన్లయింది. ఇంకో యాభై ఆరు సెకన్లలో ఏడు చుట్లు తిరుగుతారా?"

లెక్క నాకంటే బాగా వచ్చినవాణ్ణి చూసి నేను అసూయ పడాల్సిన సమయం అది కాదు. తాత వైపు చూశాను. బుగ్గలు ఉబ్బి ఉన్నాయి, కళ్ళల్లో నీళ్ళు తిరుగుతున్నాయి, మోరి కొన మీద ఎర్రగా చెమ్మ కనిపించింది. పన్ను దగ్గర నెత్తురు. ఆయన నన్ను చూసి కళ్ళతోనే అడిగాడు, ఇంకెంతసేపని. 

ఒట్టు లేదు గిట్టు లేదు. దొంగ లెక్క చెప్పి అయినా ఆపేద్దామని నిర్ణయించుకున్నాను. పుట్టి బుద్ధెరిగాక నేను వేయాలనుకున్న మొదటి దొంగ లెక్క. తువ్వాలు తీసి రెండు చేతులా ఎత్తాను.

దేవుడు దొంగ లెక్కగాణ్ణి ఎలా శిక్షిస్తాడో చూడండి. నేను తువ్వాలు ఎత్తి ఊపడం చూసి, చుట్టూ నిలబడ్డ మగవాళ్ళు అది ఉత్సాహం అనుకున్నారు. వాళ్ళూ తువ్వాళ్ళు తీసి ఊపారు. తెల్లవి, పచ్చవి, గళ్ళవి, ఎర్రవే ఓ పది. అరకు లోయలో పొద్దున్నే మంచు లేచినట్టు తువ్వాళ్ళు లేచాయి. వాటి మధ్య నా ఎర్ర తువ్వాలు, పెళ్ళిలో పెళ్ళికొడుకు తమ్ముడి చెప్పుల్లాగా, ఎవరికీ పట్టలేదు.

పట్టింది ఒక్క గురునాథం గారికే. "ఏటబ్బాయ్, ఐదే అయితే తువ్వాలెత్తీసినావు? నాను లెక్కెడతన్నాను. ఒట్టేసి లెక్క తప్పుతావేటి?"

"ఆపెయ్యండి బాబూ, టేపు అయిపోతోంది."

"నాను ఆపితే మాస్టారు ఆపరు. మాస్టారు ఆపకుండా నాను ఆపితే ఆర్కెస్ట్రా పరువేటి?"

మాస్టారి దగ్గరికి పరిగెత్తాను. "మాస్టారూ, ఆపండి."

"తమ్ముడూ, ఒట్టు వేసినది మోరి మీద గానీ, నేను లోపల ప్రభువు మీద వేసుకున్నది వేరే ఉంది. పన్నెండు అన్నావు, పన్నెండే" అన్నారు, వేళ్ళు ఆపకుండా. ముప్పై ఏళ్ళలో ఒక్కసారీ ఒకరి మాట ఇంకొకరు వినని మనుషులు, ఆ రోజు నా మాట వినాలని నిశ్చయించుకున్నారు. నా ఖర్మ.

ఇక మిగిలింది పెద్దమ్మ. వరస తల ఆగితే తాత మోరి దించుతాడు. ఆవిడకి ఎదురుగా వెనక్కి నడుస్తూ, చేతులు జోడించి, శక్తికొద్దీ అరిచాను.

"పెద్దమ్మా, ఐదే అయ్యాయి, ఇంకా ఏడున్నాయి, ఆగవే తల్లీ."

నా వెనక ఏముందో చూసుకోలేదు. రేడియో వాళ్ళ మైకు ఉంది.

పెద్దమ్మ నా మొహం చూసింది. థింసాలో పాట మధ్య ఎవరు మాట విసిరినా వరస దాన్ని అందుకోవాలి. యాభై ఏళ్ళ అలవాటు ఆవిడది. ఆగుతుందా? రాగం తీసింది.

"ఐదే అయినాయి, ఇంకా ఏడున్నాయి..."

వెనక యాభైనాలుగు గొంతులు అందుకున్నాయి. "ఇంకా ఏడున్నాయి, ఆగవే తల్లీ..."

గిటారు దానికి తగ్గట్టు ఒక మెలిక తిప్పింది. డ్రమ్ములు ఉరిమాయి. సంతకి రాని పిల్లవాడి మీద అలక ఎటు పోయిందో, పాట నామీదికి తిరిగింది. నేను బతిమాలుతున్నకొద్దీ కొత్త చరణాలు పుడుతున్నాయి. "టేపు లేదమ్మా" అన్నాను, అదీ పాడారు. "నా మాట వినండి" అన్నాను, అదీ పాడారు. చివరికి నోరు మూసుకున్నాను. మూసుకున్నందుకు కూడా ఒక చరణం కట్టారు.

ఏడో చుట్టు ముగియడానికి ఆరు సెకన్లుందనగా టేపు చివర జారి, చక్రం మీద టప టప కొట్టుకుంది.

ఆఫీసరు డిప్పలు తీసి మెడలో వేసుకున్నారు. కోప్పడలేదు. అదే భయంగా ఉంది. "చివర లేదు" అన్నారు.

"లేదండి."

"ఇంత మంచి పాట ఇన్ని ఊళ్ళల్లో వినలేదయ్యా. వెయ్యడానికి లేదు."

కుడి జేబులో ఇంకా ఐదు గింజలు మిగిలాయి. వాటిని మార్చడం అక్కడితో మానేశాను. తాత ఇంకా ఊదుతున్నాడు. పెట్టె ఆగిపోయిందని ఆయనకి తెలీదు. ఆ పన్ను, ఆ నెత్తురు, ఆ ఊపిరి ఇప్పుడు గాలిలోకి పోతున్నాయి, ఎక్కడా పడటం లేదు. వెళ్ళి చెప్పడానికి నాకు ధైర్యం చాలలేదు.

ఎనిమిది, తొమ్మిది, పది. జీపు డ్రైవరు వెళ్ళి కలిశాడు. పశువుల ఆస్పత్రి కాంపౌండరు కలిశాడు. పదకొండు. ఆఫీసరు బూట్లు విప్పి, "ఇంకేం చేస్తాం" అని వెళ్ళి తోక పట్టుకున్నారు. ఎనభై తొమ్మిదో మనిషి ఆయన. వెనక్కి తిరిగి నా చెయ్యి పట్టి లాగారు. తొంభయ్యోవాణ్ణి నేను.

వరసలో చేతులు రెండూ పక్కవాళ్ళ వీపు వెనక ఇరుక్కుంటాయి. గింజలు కుడి జేబులో ఉండిపోయాయి. తువ్వాలు ఎక్కడో పడిపోయింది. లెక్కపెట్టేవాడు లేడు. ఇది ఇక సాయంత్రం దాకా ఆగదు, తాత ఇక్కడే కూలిపోతాడు అనుకున్నాను.

పెద్దమ్మ డ్రమ్ముల ముందుకొచ్చి, పాదం నేలకి తాటించి, నిలబడింది. అదే క్షణంలో ఢాం అంది. అదే క్షణంలో గిటారు ఆగింది. అదే క్షణంలో మోరి దిగింది. నలుగురూ ఒక్కసారే. పన్నెండో చుట్టు, ఇరవై నాలుగు నిమిషాల పదహారు సెకన్లకి. తువ్వాలు లేదు, గింజ లేదు, నేను లేను.

తాత అరచేతిలోకి ఉమ్మి చూసుకున్నాడు. పన్ను. దాన్ని ఎత్తి నాకు చూపించాడు. "లెక్కలోడా, పన్నెండయ్యాకే ఊడింది. నీకన్నా దీనికే బాగా తెలుసు" అన్నాడు. నవ్వుతున్నాడు, గడ్డం మీద నెత్తురుతో. తరవాత పెట్టె వైపు చూసి, "పడ్డాదా?" అని అడిగాడు.

నేను తల దించుకున్నాను. మాస్టారే చెప్పారు, చివర పడలేదని, రేడియోలో రాదని.  తాత పన్ను కండువా కొసన ముడేసుకుని, మోరి చంకన పెట్టుకుని, ఇంటివైపు నడిచాడు. ఆ రోజు పండగ విందులో తిన్న చామదుంపల రుచి కూడా నాకు గుర్తు లేదు.

ఆ తరవాత మూడు వారాలు నేను మొక్కలు కూడా వేళ్ళతో ముట్టుకుని లెక్కపెట్టాను, ఒక్కొక్కటీ. తాత ఇంటి మీదుగా వెళ్ళాల్సి వస్తే చుట్టూ తిరిగి వెళ్ళేవాణ్ణి. ఆ చుట్టు నాకు పంతొమ్మిది నిమిషాలు ఎక్కువ పట్టేది, పాపానికి దాదాపు సరిపోయింది.

నాలుగో వారం సాయంత్రం కళ్ళంలో కూలీల మధ్య రేడియో మోగుతోంది. ఆరోజు ఎందుకో నలుగురు పెద్దలూ అక్కడే ఉన్నారు. తాత నన్ను చూసి, "ఏటిరా, దాక్కుంటన్నావట?" అన్నాడు. రెండో పన్ను కూడా పోయింది కాబట్టి మాటలో సగం గాలే వస్తోంది. నేను వెనక్కి తిరగబోతుంటే రేడియోలో మోరి మోగింది.

ఎవరూ కదల్లేదు. తాత నోరు తెరిచినవాడు తెరిచినట్టే ఉండిపోయాడు. గిటారు, డ్రమ్ములు, పెద్దమ్మ గొంతు. ఐదు చుట్లు గడిచాయి. తరవాత లోయలో రేడియో ఉన్న ప్రతి ఇంటికీ వినపడేలా నా గొంతు, మేక గొంతు కోస్తున్నట్టు: "పెద్దమ్మా, ఐదే అయ్యాయి, ఇంకా ఏడున్నాయి, ఆగవే తల్లీ." వెంటనే యాభైనాలుగు గొంతులు. ఆ తరవాత పాట ఆగలేదు, తెగలేదు. మెల్లగా చిన్నదవుతూ, దూరమవుతూ, కొండ మలుపు తిరిగి వెళ్ళిపోయినట్టు వినపడకుండా పోయింది. చివర లేని పాటని అలా మెల్లగా తగ్గించి పంపెయ్యొచ్చని నాకు అప్పటిదాకా తెలీదు. ఆ ఆఫీసరు ఎవరిని బతిమాలాడో, బూట్లు విప్పి ఆడిన మనిషి కదా.

తాత చటుక్కున లేచి రేడియో నెత్తి మీద ఒకటి కొట్టాడు.

"ఆపీసినాడేటి? ఇంకా ఏడున్నాయని ఈ గుంటడే సెప్తన్నాడు కదా."

"ఏడు కాదు తాతా, ఆరు చుట్లూ ఒక మూడోవంతు పైచిలుకు" అన్నాను, అలవాటు చొప్పున.

కళ్ళమంతా గొల్లుమంది. పెద్దమ్మ అప్పటికే చెయ్యి చాపి పక్కామెని పట్టుకుంది. రేడియోలో వార్తలు వస్తుండగా, మోరి లేకుండా, డ్రమ్ములు లేకుండా, బోర్లించిన కాఫీ బుట్టల మీద దరువేసుకుంటూ, ఆ మిగిలిన చుట్లు పూర్తి చేశారు. తాత పళ్ళు లేని నోటితో మోరి పాట కూనిరాగం తీశాడు. ఇప్పటికీ ఆ ఊళ్ళో పండక్కి ఆ పాట పాడతారు. నా అరుపు దగ్గరికి రాగానే పిల్లా పెద్దా అందరూ చేతులు జోడించి వెనక్కి నడుస్తారు. నేను ఎదురుపడితే గుడ్ మార్నింగు చెప్పరు. "ఎన్నున్నాయి బావూ?" అంటారు.

కాబట్టి చదువరులారా, నా కాఫీ మొక్కల మీద ఆన, ఎడమ జేబుకి చేరకుండా మిగిలిన ఆ ఐదు గింజల మీద ఆన, ఈ రోజు మొదలు, కాళ్ళున్న దేన్నీ లెక్కపెట్టనని ఇందుమూలంగా ప్రమాణం చేస్తున్నాను. పాట ఎంతసేపు అని నన్నెవరైనా అడిగితే, "మీ ఊళ్ళో ఎంతమంది ఉన్నారు?" అని తిరిగి అడుగుతాను. వాళ్ళు జవాబు చెప్పేలోపల మొక్కల్లోకి వెళ్ళిపోతాను.